అమలాపురం కొబ్బరిచెట్టు కింద సెల్ షాపు: నాన్న ఫోన్లో ‘పెండింగ్’ ఎలా వదిలిందంటే

మా నాన్న ఫోన్లో ప్లే స్టోర్ తెరిచి ఏ యాప్ నొక్కినా ‘పెండింగ్’ అని పడేది. పొద్దున్న నొక్కితే సాయంత్రం దీపాల వేళకి కూడా అదే మాట, అదే గుండ్రటి గీత తిరుగుతూ. మా కోనసీమ వాళ్ళకి పెండింగ్ అన్నది కొత్త మాటేం కాదులెండి, కోటిపల్లి నర్సాపురం రైల్వే లైను 2000-01లో మంజూరైంది, మొత్తం కలిపి 57 కిలోమీటర్లు, అమలాపురానికి ఇంకా రైలు రాలేదు. కానీ రైలుకైతే ఆగగలం, నాన్న పనికి మాత్రం నవంబర్ 30 గడువు.

పని ఏంటంటే లైఫ్ సర్టిఫికెట్. నాన్న పోస్ట్‌మేన్‌గా చేసి రిటైరయ్యారు, సెంట్రల్ పెన్షన్, ఏటా నవంబర్లో బతికే ఉన్నానని చెప్పుకోవాలి, లేకపోతే డిసెంబర్ నుంచి పెన్షన్ ఆగుతుంది, మళ్ళీ ఇచ్చేదాకా రాదు. ఇప్పుడు ఫోన్ కెమెరాకి మొహం చూపిస్తే అయిపోతుంది, దానికి రెండు యాప్‌లు కావాలి, ఒకటి జీవన్ ప్రమాణ్ ఫేస్ యాప్, ఇంకోటి ఆధార్ ఫేస్ ఆర్డీ. పోస్టల్ బ్యాంకు వాళ్ళయితే 70 రూపాయలకి ఇంటికే వచ్చి చేసిపెడతారు, నేను అదే చెప్పాను, ఆయన వినరు కదా. "ముప్ఫై ఏళ్ళు నేను ఊరందరి గుమ్మాలకీ తిరిగాను, ఇప్పుడు నా గుమ్మంలోకి ఇంకో పోస్ట్‌మేన్‌ని పిలిపించుకోనా" అన్నారు. సరే మీ ఇష్టం అన్నాను.

నేనుండేది కాకినాడ. మొదటి వారం అంతా ఫోన్లోనే వైద్యం. రీస్టార్ట్ చెయ్యండి నాన్నా, చేశానమ్మా. సెట్టింగ్స్‌లోకి వెళ్ళి యాప్స్‌లో ప్లే స్టోర్ పట్టుకుని క్యాష్ (డబ్బు కాదు, యాప్ తాత్కాలికంగా దాచుకునే సరుకు) క్లియర్ చెయ్యండి, అది ఎక్కడుంటాదమ్మా. ఈ ముక్క చెప్పడానికే నలభై నిమిషాలు పట్టింది, మధ్యలో ఆయన పొరపాటున వీడియో కాల్ నొక్కేస్తే నాకు ఇంట్లో ఫ్యాను, పై కప్పు కనిపించాయి. క్యాష్ క్లియర్ అయింది, పెండింగ్ మాత్రం పోలేదు. "2022లో అమలాపురం గొడవలప్పుడు ఆపేసినట్టు మళ్ళీ నెట్ ఆపేశారేమోనే" అన్నారు. నెట్ ఆగితే వాట్సాప్‌లో నాకు గుడ్ మార్నింగ్ ఎలా పంపారు అంటే ఆలోచనలో పడ్డారు.

ఆదివారం కార్తీక మాసం కదా అని అంబాజీపేట దగ్గర మా ఊరు వెళ్ళాను, సెంటర్లో పొట్టిక్కలు కట్టించుకుని మరీ. (పనసాకు బుట్టల్లో ఆవిరి మీద ఉడికే ఆ ఇడ్లీ కోసం అయినా వెళ్ళొచ్చు, అది వేరే రివ్యూ.) నా ఫోన్ హాట్‌స్పాట్ పెట్టి ప్రయత్నిస్తే పెండింగ్ పోయి ఈసారి స్పేస్ చాలట్లేదు అని వచ్చింది. హమ్మయ్య జబ్బు దొరికింది అనుకుని గ్యాలరీలో కూర్చుని తొమ్మిది వందల ఫోటోలు తీసేశాను, మళ్ళీ నొక్కితే మళ్ళీ స్పేస్ చాలదు! హాట్‌స్పాట్ ఆపి ఆయన సిమ్ నెట్ మీద నొక్కితే మళ్ళీ పెండింగ్. నాకు తిక్క రేగింది. ఇది ఎందుకలా అయిందో కింద చెప్తాను, అసలు ఈ రివ్యూ రాయడానికి కారణమే అది.

సోమవారం సెలవు పెట్టి నాన్నని బండి మీద ఎక్కించుకుని అమలాపురం తీసుకెళ్ళాను. ముందు ఒక షాపుకి వెళ్ళాం, ఏసీ, గాజు తలుపు, లోపల ముగ్గురు కుర్రాళ్ళు. పేరు అనవసరం. ఆ కుర్రాడు ఫోన్ తీసుకున్నాడు, రెండు సార్లు వేలితో అటూ ఇటూ జరిపాడు, "సాఫ్ట్‌వేర్ పోయింది మేడం, కొట్టాలి, ఎనిమిది వందలు, రేపు సాయంత్రం రండి, లాక్ నంబర్ ఈ చీటీ మీద రాసెయ్యండి" అన్నాడు. లోపల ఉన్నవన్నీ పోతాయా అంటే "పోతాయ్ మేడం మరి" అని ఎంత తేలిగ్గా అన్నాడంటే, చొక్కా బొత్తాం పోతుంది అన్నట్టు. అందులో నాన్న బ్యాంకు మెసేజులు, ఫోన్‌పే, మా అమ్మ చివరి పుట్టినరోజు ఫోటోలు ఉన్నాయి. ఆలోచించుకుని వస్తామని ఫోన్ పట్టుకుని బయటికి వచ్చేశాను.

ఎదురుగా టీ తాగుతుంటే టీ ఆయనే చెప్పాడు, "ఆయ్, కొబ్బరిచెట్టు కిందకి వెళ్ళండమ్మా" అని. ఈ షాపుకి బోర్డు ఉంది కానీ దాని మీద పేరు ఎండకి వెలిసిపోయింది, ఎవరూ పేరుతో పిలవరు. గడియార స్తంభం సెంటర్ దాకా వచ్చి ఎవరినైనా కొబ్బరిచెట్టు కింద సెల్ షాపు అంటే చూపిస్తారు. చిన్న బడ్డీ, ఒక అద్దం కౌంటర్, ఒక టేబుల్ ఫ్యాను, బయట ఒక బల్ల. బల్ల మీద కూర్చుంటే చెట్టు వైపు ఒక కన్నేసి ఉంచాలి, కాయలు దింపించారట గానీ కమ్మలు పడుతూనే ఉంటాయి. షాపు నడిపే అతనికి ముప్ఫై ఏళ్ళు ఉండొచ్చు, పక్కన వాళ్ళావిడ రీఛార్జులు చేస్తూ ఉంటుంది. మా ముందు ఆరుగురు ఉన్నారు. గంటా పది నిమిషాలు కూర్చున్నాం. ఇదొక మైనస్, రాసుకోండి.

మా వంతు వచ్చాక నాన్న ఫోన్ చాపితే అతను తీసుకోలేదు. "మీ చేతిలోనే ఉంచండి బాబాయ్ గారూ, నేను చెప్పినట్టు నొక్కుదురుగాని" అన్నాడు. ఇది నాకు భలే నచ్చింది. లాక్ నంబర్ అడగలేదు, చీటీ లేదు.

తర్వాత ప్రశ్నలు. వాట్సాప్‌లో మెసేజ్ వెళ్తోందా, వెళ్తోంది. యూట్యూబ్ ఆడుతోందా, ఆడుతోంది. అయితే నెట్ బాగానే ఉందండి అన్నాడు. తేదీ, టైం చూపించండి అన్నాడు, సరిగ్గానే ఉన్నాయి. తేదీతో ఏం పని అని నేనడిగితే చెప్పాడు, ఫోన్‌కీ సర్వర్‌కీ మధ్య నమ్మకం అంతా సర్టిఫికెట్ల మీద నడుస్తుంది, ఆ సర్టిఫికెట్‌కి ఫలానా రోజు నుంచి ఫలానా రోజు దాకా అని గడువు ఉంటుంది, మన ఫోన్లో తేదీ తప్పుంటే ఆ గడువు దాటిపోయినట్టో ఇంకా మొదలు కానట్టో కనిపించి ఫోన్ కనెక్ట్ అవ్వనంటుంది. బ్యాటరీ పూర్తిగా చచ్చిపోయి లేచిన పాత ఫోన్లలో ఎక్కువగా ఇదే జబ్బు, తేదీ ఆటోమేటిక్‌లో పెడితే చాలు. "పెన్షన్ లాంటిదే బాబాయ్ గారూ, మీరు బతికే ఉన్నా కాగితం గడువు దాటితే ఇవ్వరు కదా" అన్నాడు. నాన్న నవ్వారు, వారం రోజుల్లో మొదటిసారి.

తర్వాత స్టోరేజ్ తెరిపించాడు. 32 జీబీ ఫోన్, అందులో ఆండ్రాయిడ్ తినేది ఎలాగూ తినేస్తుంది, మిగిలినది 300 ఎంబీ. నేను తొమ్మిది వందల ఫోటోలు తీసేశాను కదండీ అంటే, గ్యాలరీలో ‘బిన్’ తెరవమన్నాడు. తొమ్మిది వందలూ అక్కడ నన్ను చూసి నవ్వుతున్నాయి. మనం డిలీట్ కొట్టినవి ఒక నెల దాకా ఆ చెత్తబుట్టలోనే ఉంటాయంట, పొరపాటున తీసేస్తే వెనక్కి తెచ్చుకోడానికి. అంటే నేను ఇల్లు ఊడ్చి చెత్త గుమ్మం వెనకాల పోశాను, అంతే. బిన్ ఖాళీ చేశాక వాట్సాప్ సెట్టింగ్స్‌లో ‘స్టోరేజ్ అండ్ డేటా’, అందులో ‘మేనేజ్ స్టోరేజ్’ తెరిపించాడు. అక్కడ పెద్ద వీడియోలు వేరుగా, చాలాసార్లు ఫార్వర్డ్ అయినవి వేరుగా కుప్ప పోసి చూపిస్తుంది, మీలో ఎంతమందికి తెలుసో గానీ నాకు తెలీదు. నాన్న రిటైరైన వాళ్ళ గ్రూపులు మూడింటిలో ఉన్నారు, ఒకే దీపం వీడియో పదకొండు సార్లు వచ్చి కూర్చుంది. తొమ్మిది జీబీ! మనవరాలి అన్నప్రాసన వీడియో మాత్రం ముట్టుకోవద్దన్నారు, దాన్ని నా ఫోన్‌కి పంపించాక గానీ ఆయన వేలు కదల్లేదు.

ఇక్కడొక హెచ్చరిక అతను రెండుసార్లు చెప్పాడు, నేనూ చెప్తున్నా. యాప్ ఇన్ఫోలో ‘క్లియర్ క్యాష్’ వేరు, ‘క్లియర్ డేటా’ వేరు. ప్లే స్టోర్‌కి డేటా క్లియర్ చేసినా మన యాప్‌లు ఎక్కడికీ పోవు, దాని సెట్టింగులు మళ్ళీ మొదటికి వస్తాయంతే. అదే పని వాట్సాప్ మీద చేస్తే బ్యాకప్ లేని చాట్లు గోదాట్లో కలిసినట్టే.

స్టోరేజ్ అయ్యాక ప్లే స్టోర్ నొక్కాం. పెండింగ్! నేను తల పట్టుకున్నాను. అతను మాత్రం "ఆయ్, ఉంటాదండి, ఇంకా ఉంది" అని పైన కుడివైపు ఉన్న గుండ్రటి బొమ్మ నొక్కించి, ‘మేనేజ్ యాప్స్ అండ్ డివైజ్’లోకి తీసుకెళ్ళాడు. అక్కడ నలభై ఒక్క అప్‌డేట్లు క్యూలో, అందరికంటే ముందు ఏదో కార్ల ఆట, జీబీ పైచిలుకు, మా అన్నయ్య కొడుకు దసరా సెలవల్లో నొక్కి వెళ్ళిపోయిన ఘనకార్యం. ప్లే స్టోర్ అన్నీ ఒకేసారి దించదు, వరుసలో దించుకుంటూ పోతుంది కాబట్టి ముందున్న వాడు కదలకపోతే వెనకున్న వాళ్ళందరూ పెండింగే, రావులపాలెం సెంటర్లో లారీ అడ్డంగా ఆగినట్టు. ఇంటూ గుర్తు నొక్కి అన్నీ ఆపేయించాడు.

అప్పుడు అసలు దొంగ. అదే గుండ్రటి బొమ్మ, సెట్టింగ్స్, ‘నెట్‌వర్క్ ప్రిఫరెన్సెస్’, ‘యాప్ డౌన్‌లోడ్ ప్రిఫరెన్స్’. అక్కడ వైఫై మీద మాత్రమే అని పెట్టి ఉంది. మా ఇంట్లో వైఫై లేదు, ఆ ఫోన్ పుట్టిన దగ్గర్నుంచి సిమ్ నెట్టే. ఎవరు పెట్టారంటే, కొన్నప్పుడు షాపు కుర్రాడే, డేటా మిగుల్తుందని మంచికే పెట్టి ఉంటాడు. దాన్ని ఏ నెట్‌వర్క్ మీదైనా అని మార్పించి, ఆటో అప్‌డేట్ మాత్రం వైఫై మీదే ఉంచమన్నాడు, లేకపోతే రోజూ డేటా ప్యాక్ పొద్దున్నే ఖాళీ.

ఇప్పుడు నాకు విషయం అర్థమైంది. తలుపుకి రెండు తాళాలు ఉన్నాయి. సిమ్ నెట్ మీద ఉన్నప్పుడు వైఫై తాళం అడ్డు. నేను హాట్‌స్పాట్ పెడితే ఫోన్ దాన్ని వైఫైగానే చూస్తుంది కాబట్టి ఆ తాళం ఊడింది, కానీ అప్పుడు స్పేస్ తాళం అడ్డు. స్పేస్ సంగతి చూశాననుకుని హాట్‌స్పాట్ ఆపేశాను, మొదటి తాళం మళ్ళీ పడింది. ఒకటి తీసి రాలేదని దాన్ని వేసేసి రెండోది తీస్తూ కూర్చున్నాను, ఇంజనీరింగ్ చదివి. అతను ఒక్కో తాళం తీసి, తీసిన దాన్ని తీసినట్టే ఉంచి ముందుకెళ్ళాడు. అంతే తేడా, దానికి అవతల ఎనిమిది వందలు.

రెండు యాప్‌లూ దిగాయి. నాన్న స్క్రీన్ అంతా వెతికి "ఒకటే ఉందే, ఆధార్‌ది లేదు" అన్నారు. ఇది చాలామందిని తిప్పలు పెడుతోందంట, ఆధార్ ఫేస్ ఆర్డీకి స్క్రీన్ మీద బొమ్మ ఉండదు, వెనకాల ఉండి పనిచేస్తుంది, సెట్టింగ్స్‌లో యాప్స్ జాబితాలో మాత్రమే కనిపిస్తుంది. లేదనుకుని మళ్ళీ మళ్ళీ ఇన్‌స్టాల్ కొట్టేవాళ్ళు, ఎవరో పంపిన లింకు నొక్కేవాళ్ళు ఉన్నారంట.

లింకు అనగానే నాన్న మొహం కొంచెం మారింది. "నాకూ ఒకటి వచ్చింది" అన్నారు మెల్లిగా. వాట్సాప్‌లో ఎవరో పెన్షన్ ఆఫీసు అని చెప్పుకుని లైఫ్ సర్టిఫికెట్ పేరుతో ఏపీకే ఫైల్ (ప్లే స్టోర్‌తో పని లేకుండా నేరుగా యాప్ ఎక్కించేది) పంపారు, ప్లే స్టోర్లో రావట్లేదు కదా అని ఈయన దాన్ని డౌన్‌లోడ్ చేసి కూడా ఉంచారు, ఇన్‌స్టాల్ నొక్కితే తెలియని చోటు నుంచి వచ్చింది పర్మిషన్ ఇవ్వాలి అని ఫోన్ అడిగితే భయపడి ఆగిపోయారట. నాకు చెమటలు పట్టాయి. ఆ ఫైల్ గనక ఎక్కితే మెసేజ్ పర్మిషన్లు తీసుకుని ఓటీపీలన్నీ వాళ్ళకి చేరవేస్తుంది, పెన్షన్ పడిన రోజే ఖాతా ఊడ్చేస్తారు. అతను ఆ ఫైల్ తీయించేసి, నంబర్ బ్లాక్ చేయించి, చెడ్డ యాప్‌లని పట్టుకునే ప్లే ప్రొటెక్ట్ స్కాన్ ప్లే స్టోర్లో పెట్టించాడు. ఒకవేళ డబ్బు పోతే ఆలస్యం చెయ్యకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చెయ్యాలని ఒక కాగితం మీద పెద్దక్షరాలతో రాసిచ్చాడు, అది ఇప్పుడు మా ఇంట్లో క్యాలెండర్ పక్కన ఉంది. ఆ గాజు తలుపు షాపులో ఫోన్ వదిలేసి ఉంటే ఈ సంగతి బయటికే వచ్చేది కాదు.

మొహం చూపించే కార్యక్రమం కూడా అక్కడే చేశాం. ముందు ఆపరేటర్‌గా ఒకరు ఆధార్ ఇచ్చి మొహం చూపించాలి, నేను చూపించాను, పెన్షనర్ తనే చేసుకున్నా పర్లేదు. తర్వాత నాన్న వివరాలు, పీపీఓ (పెన్షన్ పేమెంట్ ఆర్డర్) నంబర్, బ్యాంకు ఖాతా. కళ్ళజోడు తీసి, కళ్ళు ఆర్పమంటే ఆర్పాలి. నాన్న రెండు సార్లు గట్టిగా మూసి తెరవడం మర్చిపోయారు. వెలుతురు బాగా పడాలని బల్లని ఎండ వైపు జరిపాడతను. మూడోసారికి అయిపోయింది, ప్రమాణ్ ఐడీతో, అంటే ఆ సర్టిఫికెట్ నంబర్‌తో, మెసేజ్ కూడా వచ్చింది.

ఎంత అంటే వంద అన్నాడు. వందే. బిల్లు లేదు, అడిగితే నవ్వాడు.

ఇంకో సంగతి. మొదట నేనే, గూగుల్ అకౌంట్ తీసేసి మళ్ళీ పెడితే పోతుందని ఎక్కడో చదివాను, అలా చేద్దామా అన్నాను. అతను ఒప్పుకోలేదు. పాస్‌వర్డ్ తెలుసా అన్నాడు. నాన్నకి తెలీదు, ఆ జీమెయిల్ కూడా ఫోన్ అమ్మిన కుర్రాడే తయారుచేసి ఇచ్చినది. తీసేశాక పెట్టలేకపోతే ప్లే స్టోరే ఉండదు. ఇంకా ఘోరం ఏంటంటే ఫోన్ ఆపి బటన్లు నొక్కి తెరిచే రికవరీ మెనూ నుంచి రీసెట్ కొడితే లేచాక పాత అకౌంట్ పాస్‌వర్డో పాత స్క్రీన్ లాకో అడుగుతుంది, దొంగలకి పనికిరాకుండా ఉండాలని ఆండ్రాయిడ్ 5.1 నుంచి పెట్టిన తాళం అది, మనలాంటి వాళ్ళనే ఎక్కువ పట్టుకుంటోంది. అందుకని ముందు ఆ అకౌంట్‌కి నాన్న నంబర్ రికవరీగా పెట్టించి, కొత్త పాస్‌వర్డ్ పుస్తకంలో రాయించాడు. అలాగే ప్లే స్టోర్ యాప్ ఇన్ఫోలో మూడు చుక్కలు నొక్కి ‘అన్‌ఇన్‌స్టాల్ అప్‌డేట్స్’ అనే మందు కూడా ఉందంట, మాకు అంతదూరం అవసరం పడలేదు.

మరుసటి వారం మా పిన్ని ఫోన్ కూడా పంపాను, ఆవిడదీ ప్లే స్టోర్ గొడవే అని. దాన్ని చూసి డబ్బులు తీసుకోకుండా తిప్పి పంపేశాడు. అది ఆండ్రాయిడ్ 4.4 ఫోన్, దానికి గూగుల్ 2023లోనే ప్లే సర్వీసెస్ అప్‌డేట్లు ఆపేసింది, వాట్సాప్ కూడా దాన్లో పనిచెయ్యదు, ఎంత గిల్లినా రాదు, ఈ డబ్బులు కొత్త ఫోన్‌కి దాచుకోమనండి అన్నాడట. పిన్నికి కోపం వచ్చింది, "చెయ్యడం చేతకాక" అంది. అది పిన్ని రివ్యూ, నాది కాదు.

ఇక తిట్లు. ఫోన్ చేస్తే ఎత్తడు. మధ్యాహ్నం ఒంటి గంటన్నర నుంచి నాలుగు దాకా మూసేస్తాడు, బయట ఏమీ రాయడు, తలుపు మీద కొట్టి వెళ్ళిపోవడమే. టెంపర్డ్ గ్లాస్ వేయించాను, దాన్లో మాత్రం అతనికి చెయ్యి తిరగలేదు, మూలన బుడగ ఉండిపోయింది, నూట యాభై తీసుకున్నాడు. డిస్‌ప్లే మార్చడం లాంటి పెద్ద పనులకి అతను ఎలా ఉంటాడో నేను చేయించలేదు కాబట్టి చెప్పను. సాయంత్రం అయిదు దాటితే దోమలు. పెద్దవాళ్ళని తీసుకెళ్తే ఆ బల్ల మీద గంట కూర్చోవడం కష్టం, వెనక్కి ఆనుకోడానికి లేదు, నాన్న నడుం రెండు రోజులు పట్టేసింది.

అయిదుకి నాలుగు ఇస్తున్నా. ఆ ఒక్కటీ బుడగకీ బల్లకీ.

వెళ్ళేవాళ్ళు పొద్దున్న తొమ్మిదిన్నరకే వెళ్ళండి, ఇంకా జనం పోగవ్వరు. చార్జింగ్ ఇంట్లోనే ఫుల్లుగా పెట్టుకుని వెళ్ళండి, అక్కడ ప్లగ్ ఒకటే, దానికి టేబుల్ ఫ్యాను ఉంటుంది, అది తీస్తే వాళ్ళావిడ ఊరుకోదు.